కుండలో పట్టని కల

తమ్ముడికి,

నువ్వు పంపిన నీ నవలలోని మూడు అధ్యాయాలూ చదివాను. మొదటిసారి ఏకబిగిన, రెండోసారి పెన్సిల్ పట్టుకుని, మూడోసారి గొంతెత్తి పైకి. ధ్వని మీద రాసినదాన్ని పైకి చదవకుండా అభిప్రాయం చెప్పకూడదనిపించింది. మొదటి ఉత్తరంలోనే నన్ను అక్కా అన్నావు కాబట్టి మొహమాటం పెట్టుకోకుండా రాస్తున్నాను.

ముందు నచ్చినవి. కొండ అంచున, ఎప్పుడూ గాలి వీచే చోట ఆ కుమ్మరిశాల. నిద్రపోయేవాళ్ళ కణతకు చుట్టిన వెండితీగ, అది వెళ్ళి తాకే పల్చటి మట్టికుండ. తెల్లవారగానే మూతికి మైనం పూసి అటకెక్కించడం, ఎప్పుడో ఒకరోజు దించి మూత తీస్తే లోపలి కల వినిపించడం. ఏడుగురు పనివాళ్ళు, వాళ్ళకు పెద్ద అయిన ముసలి కుమ్మరి, విన్నదానికి చీటీ రాసి అంటించే పదిహేడేళ్ళ అమ్మాయి. ఒక రాజ్యంలోని కలలన్నీ ధ్వనిగా మార్చి దాచాలని ఇంతమంది పూనుకోవడం. ఇలాంటి ఊహ తట్టడం అదృష్టం. రెండేళ్ళుగా దాన్ని వదలకుండా పట్టుకుని కూర్చోవడం మాత్రం అదృష్టం కాదు, నీ ఓపిక. ఆ ఓపిక చూసే ఇంత పెద్ద ఉత్తరం రాస్తున్నాను.

ఇక పెన్సిల్ గీత సంగతి. రెండో అధ్యాయం చివర మొదటి కుండ మూత తీస్తారు. అక్కడ నువ్వు "కల ఎలా ఉందో అచ్చం అలాగే వినిపించింది, అందరి కళ్ళూ చెమర్చాయి" అని రాశావు. ఆ 'అచ్చం' అన్న మాట కింద గీత పెట్టాను. నేను చెప్పదలుచుకున్నదంతా ఆ ఒక్క మాట గురించే.

నూనె ఒక గిన్నెలోంచి ఇంకో గిన్నెలోకి వంచినా అడుగున కొంత అంటుకునే ఉంటుంది. కలను ధ్వనిగా మారిస్తే ఎంత అంటుకుపోవాలి? నీ కుమ్మరిశాలలో ఏమీ అంటుకోవట్లేదు. అందుకే మూత తీసిన చోట కథ కూడా ఆగిపోయింది. కల వచ్చింది, వినపడింది, ఏడ్చారు. ఇంకేం మిగిలింది చెప్పడానికి? మూడో అధ్యాయంలో నువ్వు హఠాత్తుగా శత్రు సైన్యాన్ని తెచ్చావు. ఆ సైన్యం అవసరం కథది కాదు, నీది. చేతిలో ఉన్న కథ అయిపోయిందని నీకే లోపల అనిపించి ఉంటుంది.

తార్తీనీ అనే ఇటాలియన్ వయొలిన్ విద్వాంసుడి మాట విను. 1713లో ఒక రాత్రి ఆయనకు కలొచ్చింది. సైతాను తనకు సేవకుడయ్యాడు. వాయిస్తాడేమో చూద్దామని తన వయొలిన్ అతని చేతికిచ్చాడు. సైతాను వాయించిన సంగీతానికి ఊపిరి ఆగినంత పనైంది. మెలకువ వచ్చీ రాగానే వయొలిన్ అందుకుని, విన్నదాన్ని పట్టుకోవాలని చూశాడు. దొరకలేదు. ఆ ప్రయత్నంలో పుట్టిన రచనే ఆయన పేరును ఇప్పటిదాకా నిలబెట్టింది. కానీ లలాండ్ అనే ఖగోళ శాస్త్రజ్ఞుడికి ఈ సంగతి చెబుతూ, తాను రాసినవాటిలో అదే మేలైనదైనా కలలో విన్నదాని ముందు చాలా తక్కువని, ఇంకో బతుకుతెరువు ఉండి ఉంటే వయొలిన్ విరగ్గొట్టి సంగీతం వదిలేసేవాణ్ణని అన్నాడట. గమనించు, ఆయన కలలో ఉన్నది బొమ్మ కాదు, ధ్వనే. ధ్వనిని ధ్వనిగా దించడంలోనే అంత జారిపోయింది. మరి నీ రాజ్యంలో ఇళ్ళూ, మొహాలూ, పడిపోవడాలూ, చనిపోయినవాళ్ళు తిరిగిరావడాలూ ధ్వని కావాలి!

నా సంగతి కూడా ఒకటి చెబుతాను. కొన్నాళ్ళపాటు తలగడ పక్కన ఫోన్ పెట్టుకుని, కల వచ్చి మెలకువ రాగానే కళ్ళు తెరవకుండా చెప్పి రికార్డు చేసేదాన్ని. ఒక పొద్దున విన్నది ఇప్పటికీ మరిచిపోలేదు. నా గొంతే, కానీ నాది కానట్టుంది. "తలుపు... తలుపు వెనక నీళ్ళు..." అన్నాను. తర్వాత పదకొండు సెకన్లు మాట లేదు. ఊపిరి మాత్రం వినిపిస్తోంది. పీల్చి, ఆపి, ఆపినదాన్ని మెల్లగా వదలడం. తర్వాత "అంతే" అన్నాను. తలుపు ఎక్కడిదో, నీళ్ళు ఎందుకో తెల్లవారేసరికి ఏమీ గుర్తు లేదు. ఆ మాటలు కాగితం మీద పెట్టి చూస్తే అందులో కలే లేదు. కానీ ఆ ఊపిరి విన్న ప్రతిసారీ నా వీపు మీద చల్లగా ఏదో పాకుతుంది. కల ఎక్కడైనా మిగిలిందంటే ఆ పదకొండు సెకన్లలోనే. నీ చీటీలు రాసే అమ్మాయికి ఇలాంటిది ఒకటి దొరకాలి. కుండలో వినిపించేదాని కంటే వినిపించకుండా ఆగిపోయేదాన్ని ఆమె ముందు పట్టుకోగలగాలి.

భాగవతంలో ఉష కథ గుర్తు చేసుకో. కలలో ఒకణ్ణి చూసింది. లేచాక పేరు తెలియదు, ఊరు తెలియదు. చెలికత్తె చిత్రలేఖ దేవతల్నీ, గంధర్వుల్నీ, మనుషుల్నీ వరసగా గీసి చూపిస్తూ పోతుంది. ప్రద్యుమ్నుడి బొమ్మ చూడగానే ఉషకు సిగ్గు ముంచుకొస్తుంది. అతను కలలోని మనిషి కాడు, ఆ మనిషి తండ్రి. పోలిక తగిలింది, అంతే. ఆ తర్వాత అనిరుద్ధుడి బొమ్మ రాగానే తల వంచుకుని, చిరునవ్వుతో ఇతనే, ఇతనే అంటుంది. నాకు ఈ ఘట్టంలో బాగా ఇష్టమైనది తండ్రి బొమ్మ దగ్గర తగిలిన ఆ సిగ్గే. దగ్గరికొచ్చాం, ఇంకా చేరలేదు. చిత్రలేఖ గీతలు ఎంత బాగున్నాయో మనం లెక్కపెట్టం, ఉష మొహాన్నే చూస్తూ ఉంటాం.

నీ కుమ్మరిశాలలో కుండ మూత తీసినప్పుడు కల కన్నవాళ్ళు అక్కడ లేరు! పనివాళ్ళు విన్నారు, పనివాళ్ళు ఏడ్చారు. కల కన్న మనిషిని పిలిపించు. వినిపించు. ఆమె "ఇది నాది కాదు" అననీ. అంటూనే ఆమె చెయ్యి తనకు తెలియకుండా మెడ దగ్గరికి వెళ్ళనీ. ఆ చెయ్యిని చూసేది ఒక్క చీటీల అమ్మాయే. ఇప్పుడు చీటీ మీద ఏం రాస్తుంది? ఇక్కణ్ణించి నీకు నూరు పేజీలు నడుస్తాయి, సైన్యం అక్కర్లేకుండా.

కుండ ఎలా మోగుతుందన్నది నువ్వు దాటేశావు. "మంత్రశక్తి వల్ల" అని ఒక్క మాట వేసి వెళ్ళిపోయావు. మంత్రం ఉండనీ, నాకు అభ్యంతరం లేదు. కానీ మంత్రానికి కూడా ఒక పని తీరు ఉంటేనే నమ్ముతాం. 1965లో ఆల్విన్ లూసియర్ అనే అమెరికన్ స్వరకర్త తలకు ఎలక్ట్రోడ్లు పెట్టుకుని, కళ్ళు మూసుకుని, వేదిక మీద కదలకుండా కూర్చుని కచేరీ చేశాడు. ప్రశాంతంగా కళ్ళు మూసుకున్నప్పుడు మెదడులో ఆల్ఫా తరంగాలు పుడతాయి. అవి సెకనుకు 8 నుంచి 12 సార్లు ఊగుతాయి. మన చెవి 20 కంటే తక్కువ ఊగేదాన్ని ధ్వనిగా పట్టుకోలేదు. అందుకని ఆయన ఆ తరంగాల బలం పెంచి స్పీకర్లకు పంపాడు. స్పీకర్ల అదురుకు పక్కన పెట్టిన డోళ్ళూ, తాళాలూ వాటంతటవే మోగాయి. ఆయన చెయ్యి ఎత్తలేదు. కళ్ళు తెరిచినా, గట్టిగా మోగించాలని మనసు పెట్టినా తరంగాలు చెదిరిపోయి వాయిద్యాలు ఆగిపోతాయి. మోగాలంటే మోగించాలనుకోకూడదు.

ఇందులో నీకు రెండు కథలున్నాయి. ఒకటి, మంచి కల కని రాజుగారి మెప్పు పొందాలని ఆశపడే మనిషి. అతని కుండ మోగదు. రెండోది ఇంకా లోతైనది. ఆ కచేరీలో జనం విన్నది మెదడును కాదు, డోలును. మెదడు దాన్ని అదిరించింది, అంతే. డోలు తీసి గంట పెడితే అదే మెదడు ఇంకోలా వినిపిస్తుంది. అంటే ఏ పాత్రలో పట్టాలన్నది ఎవరో ఒక మనిషి నిర్ణయించాలి. నీ ముసలి కుమ్మరి ఇన్ని పేజీల్లో చేసిందల్లా గడ్డం నిమురుకోవడం, తల పంకించడం. ఆయనకు పని ఇవ్వు. ఎవరి కలకు ఏ కుండ? బిడ్డను పోగొట్టుకున్న తల్లి కలను పెద్ద కుండలో పట్టాలా, గుప్పెడంత ముంతలోనా? ఆయన తప్పు కుండ ఎంచితే ఆమె దుఃఖం ఏమవుతుంది? తన తప్పు ఆయనకు తెలిసేదెలా?

మట్టికుండ గురించి కాస్త తెలుసుకుంటే ఇంకా దొరుకుతాయి. ఖాళీ కుండ మూతి మీదుగా గాలి ఊదితే అది గుమ్మని ఒకే స్వరం పలుకుతుంది. కడుపు పెద్దదైతే స్వరం కిందికి దిగుతుంది. మూతి ఇరుకైతే కూడా దిగుతుంది. లోపల కాసిని నీళ్ళు పోస్తే గాలికి చోటు తగ్గి స్వరం పైకి లేస్తుంది. నీ శాల ఉన్నది గాలి వీచే అంచున. మూత తీసిన ఏ కుండైనా కల ఉన్నా లేకపోయినా మోగుతుంది కదా! మరి ఏది కల, ఏది గాలి? ఇది ఆ అమ్మాయి రాత్రిళ్ళు నిద్రపోకుండా ఆలోచించాల్సిన ప్రశ్న. నువ్వు గాలిని వర్ణన కోసం పెట్టుకున్నావు. దానికి ఇంత పని ఉందని నీకు తట్టలేదు.

మూతి అంటే ఇంకొకటి గుర్తొస్తోంది. మాండూక్యోపనిషత్తు చిన్నది, పన్నెండు మంత్రాలే. అందులో ఓంకారాన్ని విడదీసి మెలకువకు అ, కలకు ఉ, గాఢనిద్రకు మ అని చెబుతారు. ఒకసారి పలికి చూడు. అ అన్నప్పుడు నోరు తెరుచుకుని ఉంటుంది, మ అన్నప్పుడు పూర్తిగా మూసుకుంటుంది. ఉ అన్నప్పుడు పెదాలు దగ్గరికొచ్చి సన్నటి సందు మిగులుతుంది. కల కుండకు మూతి ఎంత ఉండాలో నాకైతే ఇక్కడ తెలిసిపోయింది. నీకు నచ్చితే తీసుకో.

నువ్వు చివర జతచేసిన పట్టిక గురించి గట్టిగానే చెప్పాలి. నీలం వస్తే వేణువు, ఎరుపు వస్తే నగారా, భయానికి మంద్రస్వరం, ప్రేమకు వీణ. దీన్ని తీసెయ్. పట్టిక ఉంటే కల వినక్కర్లేదు, విప్పి చదువుకుంటే చాలు. పైగా అలాంటి పట్టికలో ఇద్దరికి కుదరదు. రష్యన్ స్వరకర్తలు రిమ్‌స్కీ-కోర్సకోవ్, స్క్రియాబిన్ ఇద్దరూ స్వరాలకు రంగులు చెప్పినవాళ్ళే. పాశ్చాత్య సంగీతంలో సి మేజర్ అనే స్వరశ్రేణి ఒకరికి తెలుపు, ఇంకొకరికి ఎరుపు. సంగీతంలో అంత మునిగినవాళ్ళకే ఒకటి కాలేదు. నీ ఏడుగురు పనివాళ్ళు ఒకే కుండ విని ఏడు రకాల చీటీలు రాయాలి, రాసి కొట్లాడుకోవాలి.

నిద్ర గురించి నీకు తెలిసింది కొంచెం సరిచూసుకో. కళ్ళు వేగంగా కదిలే నిద్రను, దాన్నే రెమ్ అంటారు, 1953లో ఆసెరిన్‌స్కీ, క్లైట్‌మన్ అనే ఇద్దరు గుర్తించి ప్రకటించారు. కళ్ళకు కట్టినట్టుండే కలలు ఎక్కువగా అప్పుడే వస్తాయి. అది దాదాపు 90 నిమిషాలకోసారి వస్తుంది. మొదటి విడత కొద్ది నిమిషాలే ఉంటుంది, తెల్లవారుతున్నకొద్దీ సాగుతుంది. నీ కుండలు రాత్రంతా ఒకే ఒరవడిలో నిండుతున్నాయి. మొదటి జాములో ఊరికే కూర్చుని ఉండే పనివాళ్ళు, తెల్లవారుజామున ఒక్కసారిగా అందుకునే హడావుడి... ఈ తేడా పెడితే శాలకు ఊపిరొస్తుంది. నీ లోకంలో నిద్ర వేరేలా ఉంటుందంటావా, ఉండనీ, కానీ తెలిసి మార్చు.

ఇంకొక పాత్ర కావాలని నా మనసు పీకుతోంది. పుట్టుకతోనే చూపులేనివాళ్ళకు కలలో బొమ్మలు రావు. ధ్వనులూ, స్పర్శలూ, వాసనలూ వస్తాయి. అలాంటి మనిషి నీ శాలకు వస్తే ఏమవుతుంది? ఆ మనిషి కల సగం అప్పటికే ధ్వని. రాజ్యంలో అందరి కుండల్లోనూ మార్చిన ధ్వని, ఈ ఒక్క కుండలో మార్చనిది. దాన్ని వింటే మిగతావాటిలో ఏం పోయిందో పనివాళ్ళకు మొదటిసారి తెలుస్తుంది. ఆ కుండను వాళ్ళు దాచుకుంటారా, పగలగొడతారా? నేనైతే ఇప్పుడే రాయడానికి కూర్చునేదాన్ని. కథ నీది కాబట్టి ఆగుతున్నాను.

ఇప్పుడు మాటలు. నీ 58 పేజీల్లో 'శబ్దం' అన్న మాట 41 సార్లు వచ్చింది. లెక్కపెట్టాను. ధ్వని మీద నవల రాస్తూ ఒక్క మాటతో సరిపెట్టుకోవడం మన భాషలో అన్యాయం. చప్పుడు ఒక్కసారి పడి ఆగుతుంది. మోత చెవి మీద బరువు వేస్తుంది. రొద విసుగు తెప్పిస్తుంది. హోరుకు తెగడం తెలియదు. సవ్వడి మెత్తగా ఉంటుంది. సద్దు మణిగాకగాని అంతవరకూ ఉందని తెలియదు. అలికిడి వీటన్నిటికంటే చిత్రమైనది. అది వినపడిందంటే అక్కడ ఎవరో ఉన్నారన్నమాట. ఆ ఎవరో అన్న అనుమానమంతా ఆ మాటలోనే ఉంది. జలజల, గలగల, కిర్రు, సుయ్యి, టప్పు, చిటపట... ఇవి పిల్లల మాటలని పక్కన పెట్టకు. మన ముందువాళ్ళు చెవితో విని నోటితో దాచిన కుండలే ఇవీ.

ఒక వాక్యం తీసుకుందాం. నువ్వు రాసింది: "కుండలోంచి ఒక వింత శబ్దం వచ్చింది. అది చాలా బాధగా ఉంది." వింత అంటే ఏమీ కనపడదు, బాధగా అంటే ఏమీ వినపడదు. నేను ఇలా రాసి చూశాను: "మూత తీశాక కుండ కాసేపు ఏమీ అనలేదు. తర్వాత లోపల అలికిడైంది, చీకట్లో ఎవరో చెప్పులు వెతుక్కుంటున్నట్టు." ఇది గొప్ప వాక్యమని కాదు. కానీ చెప్పులు వెతుక్కునేవాళ్ళు ఎక్కడికో వెళ్ళిపోబోతున్నారు కదా. బాధ అన్న మాట వాడకుండానే చదివేవాడి గుండెలో ఏదో కదులుతుంది. ధ్వనిని వర్ణించాలని కూర్చోకు. ఆ ధ్వని ఏ పని చేస్తే పుడుతుందో ఆ పని చూపించు.

చివరిగా, నన్ను మొదట్నించీ వేధించిన ప్రశ్న. ఇంత తంటా ఎందుకు? కలొస్తే పక్కవాళ్ళకు నోటితో చెప్పుకోవచ్చు కదా? రాజుకు సరదా పుట్టిందని నువ్వు రాశావు. సరదా కోసం ఏడుగురు మనుషులు జీవితాలు ధారపోయరు. మూగవాడు కల కన్నట్టు అంటాం కదా, చెప్పుకోలేని నరకం అది. నీ రాజ్యమంతా అలాంటిదైతే? మాటల్లో చెప్పిన కల చెప్పినవాళ్ళకు మళ్ళీ ఎప్పటికీ రాకుండా పోయే లోకమైతే? అప్పుడు చనిపోయిన బిడ్డ రోజూ కలలోకి వచ్చే తల్లి నోరు విప్పుతుందా? ఎవరితోనూ చెప్పుకోలేక, చెప్పుకోకుండా ఉండలేక ఆ కొండెక్కి కుమ్మరిశాల తలుపు తడుతుంది. నాకు తోచిన కారణం ఇది. నీకు ఇంతకంటే మంచిది తోచవచ్చు. కానీ కారణం ఏదైనా, తలుపు తట్టే చెయ్యి వణకాలి.

ఇవన్నీ ఒకేసారి దిద్దాలని టెన్షన్ పడకు. మూడో అధ్యాయం పక్కన పెట్టేసి, రెండో అధ్యాయం చివరి నాలుగు పేజీలే మళ్ళీ రాయి. కల కన్న మనిషి ఎదురుగా కూర్చుని ఉండాలి. కుమ్మరి ఏ కుండ ఎంచాడో మనకు తెలియాలి. బయట గాలి వీస్తూ ఉండాలి. వినడం అయిపోయాక అందరూ వెళ్ళిపోతారు. చీటీల అమ్మాయి మాత్రం ఉండిపోయి, ఖాళీ కుండలోకి మోచేతిదాకా చెయ్యి పెట్టి అడుగు తడుముతుందని నాకు అనిపిస్తోంది. ఏం తగిలిందో నువ్వే చెప్పాలి. ఆ పేజీ అవగానే పంపు, మిగతాది పూర్తయ్యేదాకా ఆగకు.

ప్రేమతో,
అక్క